బాకాకు కొలత నేర్పిన పనివాడు

పెండ్లి ఊరేగింపులలో బ్యాండుమేళమువారు ఊదు ట్రంపెట్టు అను బాకాను మనమందరము చూచియున్నాము. అందు ధ్వని పుట్టుటకు మూలము ఊదువాని పెదవుల అదురు. పెదవులకు ఆనించు చిన్నగిన్నె వంటి మౌత్‌పీసు ఆ అదురును ఇత్తడి గొట్టములోనికి చేర్చును. గిన్నె లోతైనచో నాదము గంభీరమగును. లోతు తగ్గినకొలది తీక్ష్ణమగును. ఈ చిన్న సాధనమునకు నిలుకడయైన కొలతలు కూర్చిన విన్సెంట్ బాక్ చరిత్రను ఇచట వివరింతుము.

ఆయన 1890లో ఆస్ట్రియా దేశమున, వియన్నా సమీపమందలి బాడెన్ పట్టణమున జన్మించెను. ఇంజనీరింగు చదివియు, సంగీతముపై మక్కువచే బాకా వాయించుటనే వృత్తిగా గైకొనెను. 1914లో మొదటి ప్రపంచయుద్ధము ప్రారంభమైనపుడు ఆయన ఇంగ్లండులో నుండెను. ఆస్ట్రియా శత్రుదేశమైనందున అచట నిలువ వీలుగాక అమెరికా చేరెను. బోస్టన్ సింఫనీ వాద్యబృందమున స్థానము లభించెను.

1918లో ఆయన తన మౌత్‌పీసును మరమ్మతున కిచ్చెను. పనివాడు దానిని పాడుచేసెను. పెదవి అలవాటుపడిన అంచు మారినచో స్వరము నిలువదు. స్వరము తప్పినచో వాద్యకారునికి కూడు తప్పును. అందుచే ఆయన కాలితో త్రొక్కు లేత్ యంత్రమును సంపాదించి, న్యూయార్కులో తానే మౌత్‌పీసులు చేయ నారంభించెను. విడిచిన ఇంజనీరింగు విద్య అప్పుడక్కరకు వచ్చెను. తోటి వాద్యకారులును తమకు చేసి యిమ్మని కోరిరి. 1924లో బాకాలనే నిర్మించి, ప్రఖ్యాత వయొలిన్ల నిర్మాతను తలపించునట్లు వానికి 'స్ట్రాడివేరియస్' అని పేరిడెను. 1928లో బ్రాంక్స్ ప్రాంతమున కర్మాగారమును నెలకొల్పెను.

ఆయన మౌత్‌పీసులకు అంకెయు అక్షరమును కలిపి గుర్తుగా నుంచెను. అంకె గిన్నె వెడల్పును, అక్షరము లోతును తెలుపును. అంకె చిన్నదైనకొలది గిన్నె వెడల్పగును. '7సి' వెడల్పు 16.20 మిల్లీమీటర్లు, '3సి' వెడల్పు 16.30. తేడా మిల్లీమీటరులో పదవవంతే యైనను పెదవి దానిని గుర్తించును. ఒకటి పోయినచో, అదే గుర్తు చెప్పి అట్టిదే మరల పొందవచ్చును. 1918లో తనకు కలిగిన నష్టము ఇతరులకు కలుగకుండ ఆయన చేసిన ఉపాయమిది. 1961లో సంస్థను సెల్మర్ కంపెనీకి విక్రయించి, 1976లో మరణించెను. ఆ గుర్తులు నేటికిని వాడుకలో నున్నవి.

మన గ్రామములందలి చేతిపనివారు కంటికొలతతోనే అద్భుతములు చేయుదురు. కాని ఆ కొలత వారితోనే పోవుచున్నది. కుదిరిన కొలతను వ్రాసియుంచినచో, అది కొడుకునకును శిష్యునకును ఆస్తియగును.