దొంగప్రతిలో బాహుబలి

2015 జూలై 10వ తేదీన విడుదలైన ‘బాహుబలి’ మొదటి భాగము, కట్టప్ప బాహుబలిని ఏల చంపెనను ప్రశ్నతో ముగిసినది. జవాబునకై ప్రేక్షకులు 2017 ఏప్రిల్ 28 వరకు వేచియుండిరి. దొంగప్రతి వలన ఏ చిత్రమునకైనను టిక్కెట్టు సొమ్ము పోవును. ఇట్టి రెండవ భాగమునకు అంతవరకు దాచిన గుట్టు కూడ పోవును.

ఆ మరుసటి నెలలోనే, దొంగప్రతిని చేతబట్టుకొని, డబ్బీయనిచో అంతర్జాలమున వదలెదమని నిర్మాణసంస్థను బెదిరించిన కేసులో ఆరుగురిని హైదరాబాదు పోలీసులు పట్టుకొనిరి. ఆ ప్రతి బీహారులోని బేగూసరాయి థియేటరు నుండి వచ్చినదని తేలినది. అంత దూరపు జాడ ఎట్లు దొరకును? డిజిటల్ ప్రదర్శనలో కంటికి కానరాని ముద్ర యొకటి బొమ్మలో ఇమిడియుండును. ఏ థియేటరు, ఏ తేదీ, ఏ వేళ అనునది దానినిబట్టి చదువవచ్చును.

1957 నాటి కాపీరైటు చట్టమునకు తోడు, 2023లో సినిమాటోగ్రాఫు చట్టమును సవరించిరి. థియేటరులో చాటుగా చిత్రీకరించినవారికి మూడు నెలల నుండి మూడేండ్ల వరకు జైలు, మూడు లక్షలకు తగ్గని జరిమానా. ఇంట కూర్చుండి చూచువాని తలుపు మాత్రము సాధారణముగా ఎవరును తట్టరు. అతనికి తన మనస్సే న్యాయస్థానము.

అతని వాదమును వినవలసినదే. సిరిసిల్ల మగ్గము మీది బట్టను ఎత్తుకొనిపోయినచో మగ్గము ఖాళీయగును. చిత్రమునకు నకలు తీసినచో అసలు అక్కడనే యుండును గదా, ఇందు దొంగతనమేమి అనును. కాని థియేటరువాడు అమ్మునది బట్ట వంటి వస్తువు కాదు, చూచు అవకాశము. వేయి కోట్లకు పైగా ఆర్జించిన చిత్రమునకు మన నూరు రూపాయలొక లెక్కా అనుటయు కలదు. దొంగప్రతుల అంగడిలో చిన్న చిత్రములును ఆ వరుసలోనే యుండును. నటుల, పనివారల కూలి చాలవరకు అప్పటికే ముట్టియుండును. దెబ్బ తగులునది తరువాతి చిత్రమునకు పెట్టుబడి తెచ్చువానికి. ఉచితమన్నమాటయు నిజము కాదు. మన చూపులనే ఆ సైట్లవారు ప్రకటనదారులకు అమ్ముకొందురు.

రుద్రంగిలోని కుటుంబము కొత్త చిత్రమునకై కోరుట్లకో, జగిత్యాలకో, సిరిసిల్లకో పోయినచో టిక్కెట్లకు తోడు దారిఖర్చులు, పిల్లల చిరుతిండ్లు. ఈ బరువు నిజమైనదే, దీనిని తేలికగా కొట్టివేయుట పట్టణవాసుల అలవాటు. అయినను కొన్ని వారములకో నెలలకో ఆ చిత్రమే న్యాయముగా టెలివిజనులోనికి, ఫోనులోనికి వచ్చును. జవాబునకై దాదాపు రెండేండ్లు ఆగినవారే వీరు. చాటున సెల్‌ఫోనుతో తీసిన ప్రతిలో చూచినచో, కట్టప్ప కత్తి దూయు వేళకు ముందువరుసవాని తల అడ్డమురావచ్చును.