బామ్మ చేతిపై నీలి గీతలు

పచ్చబొట్టు అనగానే మనకు ముచ్చటైన సంగతులే గుర్తొస్తాయి. ముంజేతి మీద చుక్కల ముగ్గు, మోచేతి కింద తాతయ్య పేరు... అడిగితే చాలు, బామ్మలు నవ్వుతూ ఆ కథంతా చెప్పేస్తారు. సుజాన్ ఖర్దాలియన్ బామ్మకీ పచ్చబొట్లుండేవి. ముఖం మీద, చేతుల మీద నీలి గీతలు. వాటి గురించి ఇంట్లో ఎవరూ అడిగేవారు కాదు. ఆమె చెప్పేదీ కాదు!

ఆ బామ్మ పేరు ఖానుమ్. ఎవరినీ దగ్గరకు తీసుకునేది కాదు, ముద్దు పెట్టుకునేది కాదు. మనవరాలికి ఆ గీతలంటే భయం. పెద్దయ్యాక ఆ భయమే ప్రశ్నగా మారింది. 2011లో 'గ్రాండ్‌మాస్ టాటూస్' అనే డాక్యుమెంటరీ అయింది.

బీరూట్‌లో పుట్టి స్వీడన్‌లో స్థిరపడిన ఆర్మేనియన్ సుజాన్. తనవాళ్లు ఇలా దేశానికొకరుగా ఎందుకు చెదిరిపోయారన్నది ఆమెను వదలని విషయం. పే హోల్మ్‌క్విస్ట్ తదితరులతో కలిసి 1988లో 'బ్యాక్ టు అరారత్' తీసిందీ అందుకే.

ఎడారి దారిలో...

1915లో ఒట్టోమన్ ప్రభుత్వం ఆర్మేనియన్లను ఊళ్లకు ఊళ్లు ఖాళీ చేయించి సిరియా ఎడారుల వైపు నడిపించింది. ఆ మారణకాండలో 6 లక్షల నుంచి 15 లక్షల మంది దాకా చనిపోయారని అంచనా. అది జాతిహననం కాదన్నది టర్కీ వాదన. ఆ దారిలో ఎందరో ఆడపిల్లల్ని ఎత్తుకుపోయారు. కొందరిని అమ్మేశారు. ఆ ప్రాంతపు తెగల్లో ఆడవాళ్లు ముఖాన పచ్చబొట్లు పొడిపించుకోవడం ఆచారం. వాళ్లకది అలంకారం. బందీగా దొరికిన పిల్లకు మాత్రం 'నువ్విక మా సొత్తు' అనే ముద్ర!

ఖానుమ్ కథా అదే. చిన్నతనంలోనే ఆమెను ఎత్తుకుపోయి బందీగా ఉంచారని సుజాన్ అన్వేషణలో తేలింది. ఇంట్లో పెద్దవాళ్లకు తెలుసు. పెదవి విప్పలేదంతే.

ఇంట్లో మౌనం

1920లలో నానాజాతి సమితి తరఫున డెన్మార్క్ మహిళ కరెన్ యెప్పె అలెప్పోలో ఆశ్రమం నడిపారు. తప్పించుకొచ్చిన ఆడపిల్లలు, పిల్లల ఫొటోలు తీసి, ఒక్కొక్కరి కథా రాయించారు. అయినా సొంతవాళ్ల మధ్యకు చేరాక చాలామందికి మిగిలింది మౌనమే. పరువు పోతుందన్న భయం. ముఖం మీది గీతలేమో దాచినా దాగవు.

చనిపోయినవారి కోసం 1967లో యెరెవాన్ కొండ మీద స్మారకం కట్టారు. ఏటా ఏప్రిల్ 24న అక్కడ పూలు గుట్టలు పడతాయి. బతికొచ్చిన ఆడపిల్లలు ఏం అనుభవించారన్నది మాత్రం చాలా ఇళ్లలో గడప దాటలేదు. సుజాన్ సినిమా ఆ గడప దాటించింది.

2010లో స్వీడన్ పార్లమెంటు 1915 నాటి ఘటనలను జాతిహననంగా గుర్తించింది. 131కి 130... ఒక్క ఓటు తేడా! ఆ మరుసటి ఏడాదే వచ్చిందీ సినిమా. బామ్మ ఎందుకలా ఉండేదో మనవరాలికి తెలిసింది. ముద్దు పెట్టని ఆ బామ్మకు ప్రేమ లేక కాదు, ఒకరు తాకితే ఓర్చుకునే శక్తిని ఎవరో చిన్నప్పుడే లాగేసుకున్నారు.