బిందెకు చింతపండు - ముఖానికి?

హిందూపురం చింతపండు మార్కెట్టు మనకు తెలిసిందే. చింతపండు పులుపుకు ముఖ్య కారణం టార్టారిక్ ఆమ్లం. పెరుగులో లాక్టిక్ ఆమ్లం, చెరకులో కొద్దిగా గ్లైకాలిక్ ఆమ్లం ఉంటాయి. ఈ మూడూ ఆల్ఫా హైడ్రాక్సీ ఆమ్లాలే. వీటి అణువులో కార్బాక్సిల్ సమూహాన్ని అంటుకొని ఉన్న కార్బన్ మీదనే హైడ్రాక్సిల్ సమూహం ఉంటుంది. ఆ కార్బన్ స్థానాన్నే 'ఆల్ఫా' అంటారు.

మన చర్మం పైపొరలో మృతకణాలు గోడలో ఇటుకల్లా అతుక్కొని ఉంటాయి. ఈ ఆమ్లాలు ఆ అతుకును సడలిస్తాయి. మృతకణాలు రాలి, చర్మం నునుపవుతుంది. పొలుసులు కట్టే చర్మవ్యాధికి ఇవి పనికివస్తాయని వాన్ స్కాట్, యూ అనే శాస్త్రజ్ఞులు 1974లో ప్రకటించారు.

మరి చింతపండు గుజ్జే పూసుకుంటే? ఇత్తడి బిందె మెరిసిందని ముఖమూ మెరుస్తుందనుకోరాదు! ఇంట్లో వాడే క్రీముల్లో ఈ ఆమ్లాలు 10 శాతానికి మించకూడదనీ, పిహెచ్ 3.5కు తగ్గకూడదనీ నిపుణుల సూచన. పిహెచ్ తగ్గేకొద్దీ ఆమ్లత్వం పెరుగుతుంది. నిమ్మరసం పిహెచ్ సుమారు 2 మాత్రమే! పైగా ఈ ఆమ్లాలు రాసిన చర్మం ఎండకు త్వరగా కందుతుంది. పెనుకొండ, ధర్మవరం ఎండలు సామాన్యమైనవా?

చింతపులుసులో నీలి లిట్మస్ కాగితం ముంచి చూడండి. ఎర్రబడుతుంది. ఆమ్లం ఉందని అది చెబుతుంది. ఎంత ఉందో చెప్పదు. ఆ 'ఎంత' తెలియనిదేదీ ముఖానికి పూయకండి.