ఎర్రబస్సు వెనక సీటు నుంచి రోలర్‌కోస్టర్ దాకా...

1977లో హాలీవుడ్‌లో ఒక సినిమా వచ్చింది. పేరే 'రోలర్‌కోస్టర్'. జార్జ్ సెగాల్ హీరో, జేమ్స్ గోల్డ్‌స్టోన్ దర్శకుడు. అమ్యూజ్‌మెంట్ పార్కుల్లో బాంబులు పెట్టేవాడొకడు, వాణ్ణి వెంటాడేవాడొకడు - కథ అంతే. అసలు మజా అంతా హాల్లోనే ఉంది. 'సెన్‌సరౌండ్' అని పెద్ద పెద్ద స్పీకర్లు పెట్టి, చెవికి సరిగా వినపడనంత మంద్రమైన ధ్వనిని వదిలేవారు. తెరమీద బండి పట్టాలమీంచి కిందికి దూకుతుంటే ఇక్కడ కుర్చీ గడగడలాడేది! అంతకు పాతికేళ్ల ముందు, 1952లో న్యూయార్క్‌లో 'దిస్ ఈజ్ సినిరామా' అని వంపు తిరిగిన పే...ద్ద తెరమీద సినిమా వేసినప్పుడు, ఆ తెర పూర్తిగా విప్పారగానే ముందు చూపించింది కూడా రోలర్‌కోస్టర్ సవారీయే. కూర్చున్న ప్రేక్షకుణ్ణి కూర్చున్నచోటే కేకలు పెట్టించడానికి సినిమావాళ్లకి అంతకన్నా సులువైన దారి తట్టలేదన్నమాట.

కానీ సినిమాలో వేగం చాలావరకు కంటిని మోసం చెయ్యడమే. పాత సినిమాల్లో జీపు ఛేజింగులు గుర్తున్నాయా? కెమెరాని సెకనుకి 24 ఫ్రేములకు బదులు 16 ఫ్రేములతో తిప్పి, హాల్లో మాత్రం మామూలుగా 24 చొప్పున వేసేస్తే, గంటకి 40 కిలోమీటర్లతో వెళ్లే జీపు 60తో దూసుకుపోతున్నట్టు కనిపిస్తుంది. హీరోగారి చెయ్యి కూడా కీలుబొమ్మలా టకటకా ఆడుతుంది, అది వేరే సంగతి! 1984లో మన దేశపు మొదటి త్రీడీ సినిమా 'మైడియర్ కుట్టిచాత్తన్' వచ్చింది కదా - తెలుగులో 'చిన్నారి చేతన' - అందులో పిల్లలు గోడలెక్కి, పైకప్పు మీద తలకిందులుగా నడుస్తారు. గది సెట్టునే గుండ్రంగా తిరిగేలా కట్టి, దాంతోపాటే కెమెరానీ తిప్పారు. అన్నట్టు, ఆ సినిమా తీసిన నవోదయ అప్పచ్చనే తర్వాత మద్రాసు దగ్గర తాంబరంలో 'కిష్కింత' అనే పార్కు పెట్టారు. కంటిని మోసం చేసి చేసి, ఇక కడుపు సంగతి చూద్దామనుకున్నారేమో!

ఎందుకంటే కడుపుని మోసం చెయ్యడం అంత తేలిక కాదు.

వెనక సీటు మహత్యం

కామారెడ్డి బస్టాండులో ఎల్లారెడ్డి బస్సెక్కి, వెనక సీటులో కూర్చుని చూడండి. ఊరు దాటాక రోడ్డు సాఫీగా ఉన్నంతసేపూ బస్సు 30తో వెళ్తోందా, 60తో వెళ్తోందా అన్నది కళ్లు మూసుకుంటే తెలీదు. లింగంపేట అవతలో ఇవతలో ఏ కల్వర్టు మీదో బస్సు ఎగిరి దిగిందనుకోండి... గుండె జారి గొంతులోకొచ్చినట్టవుతుంది. డ్రైవరు బ్రేకు నొక్కితే ముక్కు వెళ్లి ముందు సీటు కమ్మీకి తగులుతుంది. మలుపు తిప్పితే పక్కనున్న పెద్దాయన మనమీద వాలిపోతాడు.

అంటే మన ఒంటికి తెలిసేది వేగం కాదు, వేగంలో వచ్చే మార్పు. పెరిగినా, తగ్గినా, దిక్కు మారినా సరే. దానికే తొమ్మిదో తరగతి పుస్తకంలో 'త్వరణం' అని పేరు పెట్టారు. అప్పుడు బట్టీ కొట్టాం, పరీక్ష కాగానే మరిచాం.

మరి వెనక సీటే ఎందుకు ఎక్కువ ఎగురుతుంది? బస్సు వెనక చక్రాలు సరిగ్గా చివర ఉండవు. వాటి తర్వాత ఇంకా కొంత బాడీ తోకలా వెనక్కి పొడుచుకొచ్చి ఉంటుంది. చక్రం గతుకెక్కితే ఆ తోక ఇంకాస్త ఎత్తుకి లేస్తుంది, మనల్నీ విసిరేస్తుంది. రోలర్‌కోస్టర్‌లో కూడా తెలిసినవాళ్లు వెనక పెట్టె కోసమే పోటీ పడతారు, కాకపోతే అక్కడ కారణం వేరు. ముందు పెట్టె శిఖరం దాటేటప్పుడు రైలు నత్తలా పాకుతుంటుంది. వెనక పెట్టె శిఖరానికి వచ్చేసరికి ముందువన్నీ లోయలోకి దిగిపోయి ఉంటాయి. అవి లాగేస్తుంటే ఇది శిఖరాన్ని వేగంగా దాటుతుంది. పట్టా కిందికి వంగిపోయింది, మనిషి మాత్రం ఇంకా ముందుకే పోతానంటాడు. అదిగో, అప్పుడే సీటుకీ మనిషికీ మధ్య గాలి ఆడుతుంది!

ఇంజనులేని రైలు

చాలామంది అనుకున్నట్టు రోలర్‌కోస్టర్ బండికి ఇంజను ఉండదు. గొలుసుతోనో తాడుతోనో ఒక్కసారి పైకి లాగి వదిలేస్తారు. ఆ తర్వాత పనంతా భూమాతదే. నిజాంసాగర్ డ్యాములో ఎత్తున నిలిచిన నీళ్లు కిందికి దూకి టర్బైను తిప్పినట్టే, ఎత్తులో దాచుకున్న శక్తి దిగేటప్పుడు వేగంగా మారుతుంది. ఒరిపిడి పక్కన పెట్టి లెక్కేస్తే 5 మీటర్లు దిగితే గంటకి సుమారు 36 కిలోమీటర్లు. 20 మీటర్లకి 71. మరి దీన్ని రెట్టింపు చెయ్యాలంటే 40 మీటర్లు చాలదు, 80 కావాలి. వేగం రెట్టింపుకి ఎత్తు నాలుగింతలు! బండిలో బొద్దుగా ఉండే హాస్యనటుణ్ణి కూర్చోబెట్టినా, బక్కపలచని విలన్ని కూర్చోబెట్టినా ఈ లెక్కలో తేడా రాదు.

1884లో అమెరికాలో కోనీ ఐలండ్‌లో లామార్కస్ థామ్సన్ పెట్టిన 'స్విచ్‌బ్యాక్ రైల్వే' వేగం గంటకి ఆరు మైళ్లు. మన ఎడ్లబండి బెదిరినా అంతకన్నా జోరుగానే పోతుంది. అయినా జనం అయిదు సెంట్లిచ్చి ఎగబడ్డారు. తర్వాత తలకిందులు చేసే పిచ్చి పట్టుకుంది. 1895లో అక్కడే 'ఫ్లిప్ ఫ్లాప్' అని గుండ్రటి చక్రంలాంటి పట్టా వేశారు. ఎక్కినవాళ్ల మెడలు పట్టేశాయి!

ఎందుకూ అంటారా? పట్టా సరిగ్గా గుండ్రంగా ఉంటే, పైన పడిపోకుండా ఉండడానికి చాలినంత వేగంతో వెళ్లినా, అడుగున మనిషి మీద పడే భారం అతని బరువుకి ఆరు రెట్లు. 60 కిలోల కుర్రాడు ఒక్క క్షణం 360 కిలోలు! అదీ మెల్లగా రాదు, చదునైన పట్టా వదిలి గుండ్రానికి తిరిగిన మరుక్షణం ధబాలున మీద పడుతుంది. ఈ చిక్కు విప్పినవాళ్లు జర్మన్లు - బండ్లు తయారుచేసే ఆంటన్ ష్వార్జ్‌కాఫ్, లెక్కలు కట్టే వెర్నర్ స్టెంగెల్. గుండ్రం మానేసి నీటిబొట్టు ఆకారంలో పట్టా వేశారు. అడుగున విశాలమైన వంపు, పైకి పోయేకొద్దీ ఇరుకు. వేగం ఎక్కువున్నచోట వంపు మెత్తన, తక్కువున్నచోట బిగువు. 1976లో కాలిఫోర్నియాలో అలా లేచిందే 'రివల్యూషన్'. మొదట చెప్పిన సినిమాలో క్లైమాక్సు జరిగేది సరిగ్గా దానిమీదే!

మనకి దగ్గర్లో చూడాలంటే హైదరాబాదు శివార్లలో రావిర్యాల దగ్గర 2016లో తెరిచిన వండర్‌లాలో 'రికాయిల్' ఉంది. తిప్పి తిప్పి ముందుకి తీసుకెళ్లి, మళ్లీ అదే దారిలో వెనక్కి తిప్పుకుంటూ తెస్తుంది. రెండోసారి ఏ వంపు ఎప్పుడొస్తుందో కనపడదు. నాకైతే మొదటి సగం కన్నా రెండో సగమే ఎక్కువ బెదురు.

జాతరలో జి లెక్క

అంతదూరం పోలేనివాళ్లకి జాతర జెయింట్‌వీల్ ఉండనే ఉంది. ఇరుసు నుంచి ఊయల దాకా 8 మీటర్లనుకోండి, పది సెకన్లకొక చుట్టు అనుకోండి. పిర్రల కింద కాటా పెట్టుకుని కూర్చుంటే, 60 కిలోల మనిషి చక్రం పైన దాదాపు 40 కిలోలు తూగుతాడు, అడుగున 80. ఆ 40 కిలోల క్షణంలోనే ఆడపిల్లలు కేకేస్తారు, మగపిల్లలు కేక మింగేస్తారు. 'మౌత్ కా కువా'లో మోటారుసైకిలు గోడమీద నిలిచేదీ ఇలాగే. అయిదు మీటర్ల వ్యాసార్ధంలో 36 కిలోమీటర్లతో తిరిగితే, బండి తన బరువుకి రెండు రెట్ల జోరుతో చెక్కగోడని ఒత్తుతుంది, ఆ ఒత్తిడికి టైరు పట్టు దొరుకుతుంది. అది మంత్రమూ కాదు, తంత్రమూ కాదు. కానీ ఆ టైరు పంక్చరయితే మాత్రం ఏ లెక్కా కాపాడదు.

మా జిల్లా నుంచి గల్ఫుకి పోయినవాళ్లు ప్రతి ఊళ్లోనూ ఉంటారు. ఎల్లారెడ్డికి సెలవు మీద వచ్చిన ఒక తమ్ముడు అబుదాబీలో 'ఫార్ములా రోసా' ఎక్కాడు. 2010లో మొదలైన ఈ బండి అయిదు సెకన్లలో గంటకి 240 కిలోమీటర్లు అందుకుంటుంది. కళ్లకి అద్దాలు పెట్టుకోనిదే ఎక్కనివ్వరు.

"ఎట్లుండెరా?" అని అడిగాను.

"అన్నా, కదిలిందో లేదో ఎవడో రొమ్ము మీద చెయ్యి పెట్టి సీట్లకు ఒత్తినట్టయింది. నాలుగైదు సెకన్లు, గంతే! ఎన్కకెల్లి గంత స్పీడుల పోతుంటే గాలి తప్ప ఏం తెల్వలే" అన్నాడు.

భౌతికశాస్త్రం మేష్టారు ఇంతకన్నా బాగా చెప్పగలరా?

బ్యానర్ కట్టిన బండ్లు

ఆ తమ్ముడి చిన్నతమ్ముడు ఇంటరు. వీరాభిమాని. ఏ హీరోకని అడక్కండి, గొడవ! కొత్త బొమ్మ విడుదలయితే పదిహేను బండ్లు, బండికి ముగ్గురు, మధ్యవాడి చేతిలో జెండా... ఎల్లారెడ్డి నుంచి కామారెడ్డి దాకా ర్యాలీ. హెల్మెట్ పెట్టుకుంటే జుట్టు చెదురుతుందట. "మేము అరవై దాటమన్నా, నిమ్మళంగనే పోతం" అన్నాడు.

సరే, రోలర్‌కోస్టర్ లెక్కనే తిరగేసి వాడికి చూపించాను. ఎంత ఎత్తు నుంచి పడితే ఎంత వేగమో తెలిసినప్పుడు, ఎంత వేగం ఎంత ఎత్తుకి సమానమో కూడా తెలుస్తుంది కదా. గంటకి 40 అంటే రెండంతస్తుల మీంచి పడడం. 60 అంటే 14 మీటర్లు, నాలుగంతస్తుల పైమాటే. 80 అంటే 25 మీటర్లు, ఎనిమిది అంతస్తులు. రోలర్‌కోస్టర్‌కి ఈ వేగాలు లెక్కే కాదు, ఎందుకంటే దాన్ని ఆపేటప్పుడు బోలెడు దూరం తీసుకుని ఆపుతారు. బైకు కూడా బ్రేకుతో 30 మీటర్లలో ఆగితే ఒంటిమీద పడేది సగం జి మాత్రమే. అదే 60 వేగంలో కల్వర్టు గోడకి కొట్టుకుని అరమీటరులో ఆగితే 28 జి!

వాడు కాసేపు మాట్లాడలేదు. తర్వాత, "మరి హెల్మెట్ పెట్టుకుంటే ఇరవై ఎనిమిది తగ్గుతదా అన్నా?" అన్నాడు.

ఒంటికి తగ్గదు. తలకి తగ్గుతుంది. ఉత్త తల రాతికి తగిలితే ఆగడానికి దొరికే దూరం మిల్లీమీటర్లే. హెల్మెట్‌లో పైచిప్ప కింద థర్మోకోల్ లాంటి పొర ఉంటుంది. అది నలిగి, తల ఆగడానికి రెండుమూడు సెంటీమీటర్ల చోటిస్తుంది. దూరం ఎన్ని రెట్లు పెరిగితే దెబ్బ అన్ని రెట్లు తగ్గుతుంది. అందుకే ఒకసారి నలిగిన హెల్మెట్ మళ్లీ పనికిరాదు, పైకి ఎంత తళతళలాడినా సరే.

వాళ్లన్న గల్ఫు నుంచి తెచ్చిన హెల్మెట్ ఒకటి అల్మారా మీద దుమ్ముపట్టి ఉంది. వాడు దాన్ని దింపి, లోపలి గుడ్డ పైకి లేపి, ఆ తెల్లటి పొరని గోటితో నొక్కి చూశాడు.