సగం గుట్టు చెప్పేసిన రౌటర్

చాలా రౌటర్ల అడుగున ఒక స్టిక్కర్ ఉంటుంది. వైఫై పేరు, పాస్‌వర్డ్‌తో పాటు కొన్నిటి మీద ‘డబ్ల్యూపీఎస్ పిన్’ అని ఎనిమిది అంకెలు కూడా కనిపిస్తాయి. వాటిని ఎవరూ పట్టించుకోరు. ఇంటి వైఫైకి పెద్ద చేటు తెచ్చింది మాత్రం అవే.

డబ్ల్యూపీఎస్ పుట్టించినవాళ్ల ఉద్దేశం మంచిదే. 2004లో వచ్చిన డబ్ల్యూపీఏ2 అనే వైఫై భద్రతా పద్ధతి గట్టిదే కానీ, ప్రింటర్ లాంటి వాటిలో పొడవాటి పాస్‌వర్డ్ ఎక్కించడం పెద్ద తలనొప్పి. అది తప్పించడానికి వైఫై అలయన్స్ 2007లో డబ్ల్యూపీఎస్ తెచ్చింది. రౌటర్ మీది బటన్ నొక్కితే రెండు నిమిషాల పాటు కొత్త పరికరాన్ని రానిస్తుంది. లేదంటే పిన్ కొట్టండి, అసలు పాస్‌వర్డ్ రౌటరే అప్పగిస్తుంది.

ఎనిమిది అంకెలంటే పది కోట్ల పిన్‌లు కదా అనుకుంటాం. కానీ ఎనిమిదో అంకె లెక్క సరిచూసుకోవడానికి పెట్టింది. 1234567 తీసుకోండి. బేసి స్థానాల్లోని 1, 3, 5, 7 కలిపితే 16, దానికి మూడు రెట్లు 48. సరి స్థానాల్లోని 2, 4, 6 కలిపితే 12. మొత్తం 60. పదితో నిశ్శేషంగా పోతుంది కనుక చివరి అంకె సున్నా. (12345670 అనే ఈ పిన్‌తోనే బయటికొచ్చిన రౌటర్లూ ఉన్నాయి!) అంటే ఊహించాల్సింది ఏడంకెలే, కోటి పిన్‌లు. ఒక్కోదానికి సెకనున్నర పట్టినా నెలల తరబడి పని.

2011 డిసెంబరులో స్టెఫాన్ వీబ్యోక్ అనే పరిశోధకుడు అసలు లోపం బయటపెట్టాడు. రౌటర్ పిన్‌ను రెండు ముక్కలుగా సరిచూస్తోంది. మొదటి నాలుగంకెలు తప్పైతే అక్కడికక్కడే కాదంటుంది, సరైనవైతే ముందుకు సాగనిస్తుంది. అంటే సగం గుట్టు అదే చెప్పేస్తోంది. మొదటి ముక్కకు 10,000, రెండో ముక్కకు 1,000, మొత్తం 11,000 ప్రయత్నాలు చాలు. నెలల పని గంటల్లోకి దిగిపోయింది. ఆ రోజుల్లోనే ఈ పని చేసిపెట్టే ‘రీవర్’ అనే ఉచిత ప్రోగ్రామ్ కూడా వచ్చింది. మీరు 63 అక్షరాల పాస్‌వర్డ్ పెట్టుకున్నా, పిన్ దొరికినవాడికి రౌటర్ దాన్ని అప్పగించేస్తుంది. పాస్‌వర్డ్ మార్చినా అంతే, కొత్తదీ ఇస్తుంది.

తర్వాత చాలా రౌటర్లు, వరసగా తప్పు పిన్‌లు కొడితే కాసేపు తలుపు మూసేయడం నేర్చుకున్నాయి. 2014లో డొమినిక్ బొంగార్డ్ అనే పరిశోధకుడు మరో దెబ్బ కొట్టాడు. కొన్ని చిప్‌లు యాదృచ్ఛిక సంఖ్యలను సరిగా తయారుచేయవు, అలాంటి చోట దాడి చేసేవాడు రౌటర్‌తో ఒక్కసారి మాట కలిపితే చాలు, మిగతా లెక్క తన కంప్యూటర్‌లోనే చేసుకోవచ్చు.

పిన్ ఆపేశాక మిగిలేది పాస్‌వర్డ్. డబ్ల్యూపీఏ2లో ఫోన్ రౌటర్‌కు కలిసేటప్పటి మాటలు గాలిలో పట్టుకుని, తీరిగ్గా ఇంట్లో కూర్చుని ఊహలు సరిచూసుకోవచ్చు. మనలో చాలామంది మొబైల్ నంబరే పాస్‌వర్డ్‌గా పెడతారు. 6, 7, 8, 9తో మొదలయ్యే పదంకెల నంబర్లు 400 కోట్లే. సెకనుకు నాలుగు లక్షలు ప్రయత్నించే గేమింగ్ గ్రాఫిక్స్ కార్డుకు అది మూడు గంటల పని. 2018లో వచ్చిన డబ్ల్యూపీఏ3 ఈ దారి మూసేలా రూపొందింది. అందులో ప్రతి ఊహకూ రౌటర్ తలుపు తట్టాల్సిందే.

ఈ ఆదివారం రౌటర్ సెట్టింగ్స్ తెరవండి. డబ్ల్యూపీఎస్ ఆపండి, డబ్ల్యూపీఏ3 ఉంటే ఎంచుకోండి, ఫోన్ నంబరు తీసేసి సంబంధం లేని నాలుగైదు మాటలు కలిపి పాస్‌వర్డ్ పెట్టండి. కొన్ని పాత రౌటర్లలో ఆపినా డబ్ల్యూపీఎస్ ఆగదు. కొత్త సాఫ్ట్‌వేర్ కూడా రాకపోతే వాటిని మార్చేయడమే మేలు.