కాలాన్ని నడిపే ధ్వని: కళాపూర్ణోదయంలో కథనయంత్రం

హెచ్.జి. వెల్స్ 'ది టైం మెషీన్' 1895లో వెలువడింది. తెలుగువారికి ఆ ఊహను ఇంటింటి మాటగా చేసినది సింగీతం శ్రీనివాసరావు దర్శకత్వంలో 1991లో వచ్చిన 'ఆదిత్య 369'. ఈ రెండింటిలోనూ కాలయంత్రం ఒక వాహనమే. మనిషి అందులో కూర్చుంటాడు, యంత్రం అతని దేహాన్ని మరొక కాలానికి చేరుస్తుంది. సినిమాలోని యంత్రం ప్రయాణికులను దించే కాలాల్లో ఒకటి శ్రీకృష్ణదేవరాయల పాలనాకాలం. ఆ రాయల తరువాతి తరంలో, నంద్యాల కృష్ణరాజుకు అంకితంగా పింగళి సూరన రచించిన కళాపూర్ణోదయంలో కాలాన్నీ వాస్తవాన్నీ మార్చివేసే మరొక ఏర్పాటు కనిపిస్తుంది. దానికి చక్రాలు లేవు, ఆసనం లేదు. దానిని నడిపే శక్తి ధ్వని.

'యంత్రం' అన్న మాటను ఇక్కడ విశ్లేషణ సౌలభ్యం కోసమే స్వీకరించడం జరిగింది. అయితే ఆ మాటకు ఆధారం కావ్యంలోనే ఉంది. పురాణకథల్లో వాక్కు లోకాన్ని మార్చడం కొత్తేమీ కాదు. వరమిచ్చినా శపించినా మాట ఫలిస్తుంది. కాని వరం వెనుక అనుగ్రహం, శాపం వెనుక ఆగ్రహం ఉంటాయి. పలికేవారి ఉద్దేశమే అక్కడ ఫలితాన్ని నిర్ణయిస్తుంది. కళాపూర్ణోదయంలో కీలకమైన పలుకుకు అటువంటి ఉద్దేశమేదీ లేదు. సరస్వతితో ఏకాంతంలో ఉన్న బ్రహ్మ ఆమె కోరిక మీద సరసంగా ఒక కథ అల్లి చెబుతాడు. ఆ కథలోని పేర్ల గుట్టు సరస్వతి విప్పేస్తుంది. తమ ప్రణయసన్నివేశాన్నే ఆయన మారుపేర్లతో కథగా మార్చాడని గ్రహిస్తుంది. వ్యవహారం అంతటితో ముగిసి ఉండేదే. కాని బ్రహ్మవాక్కు వ్యర్థం కారాదు. వినోదానికి చెప్పిన కథ కూడా భూమిమీద జరిగి తీరాలి. పలికినవాడి ఇచ్ఛతో నిమిత్తం లేకుండా, పలికినంత మాత్రాన పని జరిగిపోయే ఈ నియమానికి యంత్రం అనే పేరు తగినదే.

ఈ కథలో పేర్ల పని విశేషమైనది. సరస్వతి విప్పిచెప్పిన అర్థం ప్రకారం కాసారపురంలో ఉన్నది కొలను. మదాశయుడు అనే రాజు పేరులో బ్రహ్మ సొంత ఆశయమే దాగి ఉంది, అతని రాణి పేరు రూపానుభూతి. కళాపూర్ణుని తల్లిదండ్రులు మణిస్తంభుడు, సుముఖాసత్తి. ఒక పేరులో మణిమయమైన స్తంభం, మరొక పేరులో అందమైన ముఖపు సాన్నిధ్యం ఉన్నాయి. ఇక కథానాయకుడైన కళాపూర్ణుడు ఎవరు? ముద్దువేళ సరస్వతి కంఠంలో పుట్టిన ధ్వని. వెల్చేరు నారాయణరావు, డేవిడ్ షుల్మన్‌లు 2002లో ప్రచురించిన తమ ఆంగ్లానువాదానికి 'ది సౌండ్ ఆఫ్ ది కిస్' అని పేరు పెట్టడానికి కారణం ఇదే. క్షణకాలం వినిపించి ఆగిపోయిన ఒక కంఠస్వరం భూమిమీద రాజుగా పుట్టి, దండయాత్రలు చేసి, పెళ్ళిళ్ళు చేసుకొంటుంది.

దీనిని 'అన్యాపదేశం' అని చెప్పి ముగించడం సులభం. కాని అది చాలదు. అన్యాపదేశంలో ఒకటి మరొకదానికి గుర్తుగా నిలుస్తుంది, రెండూ ఒకే లోకంలో ఎదురుపడవు. ఇక్కడ గుర్తే మనిషి అవుతుంది. అంతటితో ఆగక, తాను దేనికి గుర్తో నిండుకొలువులో చెవులారా వింటుంది. ఈ కావ్యంలో అత్యంత సాహసోపేతమైన ఘట్టం అదే.

అక్కడికి కథ చేరే మార్గం గమనింపదగినది. బ్రహ్మ చెప్పిన కథను సరస్వతి పెంపుడు చిలుక వింటుంది. విన్నమాటను పలకడం చిలుక స్వభావం. ధ్వనిని పట్టి ఉంచి తిరిగి వినిపించే సాధనం కోసం వెతికిన కవికి 16వ శతాబ్దంలో ఇంతకంటే మంచిది దొరకదు. ఆ చిలుకే ద్వారకలో కలభాషిణి అనే వేశ్యగా జన్మిస్తుంది. 'కల' శబ్దానికి అవ్యక్తమధురమైన ధ్వని అని నిఘంటువులు అర్థం చెబుతాయి, కాబట్టి ఆ పేరు యాదృచ్ఛికం కాకపోవచ్చు. కలభాషిణి మరుజన్మలో మదాశయుని కుమార్తె మధురలాలస అవుతుంది. ఈ మూడు జన్మల పొడవునా కథ ఆమెతోనే ప్రయాణిస్తుంది, కాని ఆమెకు ఆ సంగతి తెలియదు. కళాపూర్ణుని పతకంలోని మణి పసిబిడ్డ అయిన మధురలాలస హృదయాన్ని తాకినప్పుడు ఆ స్మృతి మేల్కొంటుంది. మాటలు రాని వయసులో ఆమె అనర్గళంగా తన పూర్వవృత్తాంతం చెప్పడం మొదలుపెడుతుంది. నిక్షిప్తమైన ధ్వని, దానిని మేల్కొలిపే స్పర్శ, మళ్ళీ వినిపించే గొంతు ఒకచోట చేరాయి. గ్రామఫోను చూసిన పాఠకుడికి ఈ అమరిక కొత్తగా అనిపించదు.

అప్పుడు కాలం ఏ దిశలో నడుస్తున్నట్లు? బ్రహ్మ కథ చెప్పిన క్షణంలో కళాపూర్ణుడు లేడు, అతనిది రాబోయే కథ. బిడ్డ చెబుతున్నప్పుడు అది గడిచిపోయిన కథ. వింటున్న రాజుకు అది తన వర్తమానం, ఎందుకంటే ఆ కథ ఇంకా పూర్తికాలేదు. మధురలాలసతో అతని వివాహం ఇంకా జరగవలసి ఉంది. ఒకే ధ్వనిప్రవాహం ముగ్గురికి మూడు కాలాలు. వెల్స్ యంత్రంలో కాలం ముందే పరచిన దారి, ప్రయాణికుడు దానిమీద ముందుకూ వెనక్కూ సాగుతాడు. సూరన కావ్యంలో దారి ముందుగా లేదు, పలుకుతున్నకొద్దీ ఏర్పడుతుంది.

భర్తృహరి వాక్యపదీయంలోని ఒక భావన ఇక్కడ ఉపకరిస్తుంది. ఆయన దృష్టిలో స్ఫోటకు క్రమం లేదు. వినిపించే ధ్వనికి మాత్రమే ముందువెనుకలు ఉంటాయి. ఒక్కసారిగా భాసించే అర్థం ఉచ్చారణలో వర్ణం తరువాత వర్ణంగా సాగుతుంది. ఆ సాగుదలకు కాలశక్తే కారణం. కళాపూర్ణోదయంలో ఒక ముద్దు క్షణం జన్మల పర్యంతం విస్తరించడం ఈ భావనకు కథారూపంగా తోస్తుంది. సూరన భర్తృహరిని అనుసరించాడని చెప్పడం ఇక్కడి ఉద్దేశం కాదు, సాదృశ్యాన్ని చూపడం వరకే పరిమితం. అయితే శబ్దం చేసే పని మీద సూరనకు ఉన్న పట్టుకు రాఘవపాండవీయమే సాక్ష్యం. అందులో ఒకే పద్యాన్ని ఒక విధంగా గ్రహిస్తే రామాయణం, మరొక విధంగా గ్రహిస్తే భారతం. ఒకే ధ్వనిలో రెండు లోకాలను ఇమిడ్చిన కవికి ఒక ధ్వనిని లోకంగా మార్చడం అసాధ్యం కాదు.

కట్టమంచి రామలింగారెడ్డి 'కవిత్వతత్త్వవిచారము'లో సూరనను విమర్శకు కేంద్రం చేసిన నాటినుంచి కళాపూర్ణోదయంలోని కథాసంవిధానం మీద విస్తృతమైన చర్చ జరిగింది. దానిని తొలి తెలుగు నవలగా భావించినవారూ ఉన్నారు. ఆ చర్చలో కథ ఎంత చిక్కగా ఉందన్న ప్రశ్నకు దక్కిన చోటు, కథ చెప్పడం అనే పని కావ్యంలో ఏమి చేస్తున్నదన్న ప్రశ్నకు అంతగా దక్కలేదు. ఇటీవల దీనికి భిన్నమైన ధోరణి ఒకటి కనిపిస్తున్నది. కావ్యాల్లోని ఇటువంటి కల్పనలను ప్రాచీన విజ్ఞానానికి ఆధారాలుగా చూపడం. అది సూరనకు గౌరవం కాదు. ఆయన కల్పించిన యంత్రం పనిచేసేది భాషలో. దానిని లోహంగా ఊహించుకొంటే ఆయన సాధించినదే కనుమరుగవుతుంది.

కావ్యం కూడా తన యంత్రం ప్రమాదాన్ని దాచలేదు. రంభ నోట కళాపూర్ణుని పేరు దొర్లుతుంది. వివరం అడిగితే ఆమె జంకుతుంది, అది చెప్పకూడని కథ. కథను మోసినవారెవరూ దానికి వెలుపల మిగలరు. చిలుక మనిషిగా పుట్టవలసి వచ్చింది, పుట్టి ఆ కథలోనే నాయిక కావలసి వచ్చింది. కొలువులో పసిబిడ్డ చెబుతున్నది వినడానికే కూర్చున్న కళాపూర్ణుడికి తన పుట్టుక తెలుస్తుంది. తన తల్లి ఒకప్పుడు మణిస్తంభుడనే పురుషుడని, తండ్రి ఒకప్పుడు సుముఖాసత్తి అనే స్త్రీ అని, అన్నిటికంటె ముందు తాను ఒక స్వరమని. ఆయన ఆ బిడ్డను ఆపడు. పతకం ఆమె గుండెమీద ఉన్నంతసేపూ వింటూనే ఉంటాడు.