జనాభివృద్ధియు భూసంపదయు

మానవులు పెరుగుదురు, భూమి పెరుగదు. ఈ రెండు మాటలలో నొక గొప్ప చిక్కు ఇమిడియున్నది. 1798వ సంవత్సరమున మాల్తుస్ అను ఆంగ్లేయ మతాచార్యుడు దీనినిగూర్చి యొక గ్రంథమును ప్రకటించెను. జనసంఖ్య ఇబ్బడిముబ్బడిగా హెచ్చుననియు, ఆహారము అంత వేగముగా హెచ్చజాలదనియు, తుదకు కరవులును రోగములును జనమును తగ్గించి ఈ రెంటిని సరిచేయుననియు ఆయన వాదము. ఇందు నిజమెంత, లోపమెంత యని మేమీ వ్యాసమున విచారింపబూనితిమి. దూరదేశముల దృష్టాంతములతో మనకు పనిలేదు. మన కృష్ణా గోదావరుల డెల్టాలే చాలినంత పాఠము చెప్పగలవు.

ముందుగా లెక్కలు చూతము. ఇప్పటి భారతదేశపు హద్దులలో 1901లో సుమారు 23.8 కోట్ల జనముండెను. 1951లో వారు 36.1 కోట్లయిరి, 2011 నాటి జనాభా లెక్కలలో 121 కోట్లకు చేరిరి. అనగా 1901లో చదరపు కిలోమీటరునకు 77 మంది యుండగా, 2011లో 382 మంది యుండిరి. చాప మాత్రము వెనుకటిదే. దానిపై కూర్చుండువారు అయిదింతలైరి.

ఈ హెచ్చు రైతు ఇంట నెట్లు కనబడునో చూడుడు. ఎనిమిది ఎకరములు గల యొక తాతకు ఇద్దరు కుమారులును, వారికి ఇద్దరేసి కుమారులును కలిగిరనుకొందము. సమముగా పంచుకొన్నచో ఒక్కొక్క మనుమనికి రెండెకరములు వచ్చును. పంపకము జరిగినప్పుడెల్ల క్రొత్త గట్లు లేచును. ఆ గట్లు కొంత నేలను మ్రింగును. ఒక్క బావితో పారిన పొలమున నలుగురు నాలుగు బోర్లు వేయుదురు. భూగర్భమందలి నీరు క్రిందికి దిగును. దేశము మొత్తముమీద సగటున ఒక్కొక్క కమతము 1970-71లో 2.28 హెక్టారులుండగా, 2015-16 నాటికి 1.08 హెక్టారులకు తగ్గిపోయినది.

ఇంతమాత్రముచేత జనము హెచ్చుటయే లేమికి మూలమని నిశ్చయింపరాదు. 1832-33లో వచ్చిన నందన కరవును తలంచుకొందము. ఆ కాలమున మన సీమలో జనము నేటికంటె ఎంతయో తక్కువ. అయినను గుంటూరు ప్రాంతమున సుమారు అయిదు లక్షలమందిలో రెండు లక్షలవరకు నశించిరని చెప్పుదురు. నేల చాలక వారు చనిపోలేదు. వానలు తప్పినవి, చెంతనే కృష్ణానది యున్నను ఆ నీటిని పొలములకు మరల్చు సాధనము లేకపోయినది. పిమ్మట కాటన్ దొర పూనికచేత 1852 నాటికి ధవళేశ్వరమున గోదావరికి ఆనకట్ట పూర్తియైనది. 1855లో బెజవాడయొద్ద కృష్ణకు ఆనకట్ట ముగిసినది. వెనుకటి నేలయే, వెనుకటి నదులే. కాని కాలువలు త్రవ్వినంతనే ఆ డెల్టాలు ధాన్యపుకొట్లైనవి. మాల్తుస్ వాదములోని లోపమిదియే. నరుని బుద్ధియు శ్రమయు భూమి యిచ్చు ఫలమును హెచ్చింపగలవని ఆయన తగినంతగా ఎంచలేదు.

అయితే ఆ ఫలమునకు హద్దు లేదా? దీనికి కొల్లేరు బదులు చెప్పును. రెండు డెల్టాల నడుమ పళ్ళెమువలె నున్న పల్లమే కొల్లేరు సరస్సు. బుడమేరు, తమ్మిలేరు మొదలగు ఏరుల వరదనీరు వర్షకాలమున అందు చేరును. సరస్సు విశాలముగా పరచుకొని ఆ నీటిని నిలుపుకొని, ఉప్పుటేరు త్రోవను మెల్లమెల్లగా సముద్రమునకు విడుచును. కూలి అడుగక పొలములను కాచు కాపరి యది. గూడబాతులు మొదలగు పక్షులకు నిలయమును అదియే.

1970 దశకము మొదలుకొని ఆ సరస్సునందు గట్లు పోసి చేపల చెరువులు త్రవ్వుట ప్రబలినది. వరదనీటికి చోటు తగ్గినకొలది అది మీదికెగసి ఎగువ పొలములను ముంచును. వేసవిలో సరస్సు నీరు సన్నగిల్లినప్పుడు ఉప్పుటేటి వెంబడి సముద్రపు ఉప్పునీరు లోనికెగదట్టును. 1999లో అయిదవ కాంటూరువరకుగల 308 చదరపు కిలోమీటరుల మేర అభయారణ్యముగా ప్రకటింపబడెను. 2002లో అంతర్జాతీయ ప్రాముఖ్యముగల చిత్తడినేలల పట్టికలో కొల్లేరు చేరెను. 2006లో ప్రభుత్వమువారు గట్లను తెగగొట్టించిరి. పిదప పలుచోట్ల గట్లు మరల లేచినవి. గట్లు తెగిన దినమున పెద్ద పెట్టుబడిదారులే కాక, చెరువులలో కూలిచేసి బ్రతుకు పేదలును జీవనము కోల్పోయిరి. వారికి వేరు బ్రతుకుతెరువు చూపక సరస్సును కాపాడుట న్యాయమునకును చాలదు, నిలువనునేరదు.

ఇందొక సంగతి గమనింపవలెను. ఆ చేపలన్నిటిని తినువారు కొల్లేటి లంకలవారు కారు. అవి మంచుగడ్డల నడుమ బంగాళమునకును అస్సామునకును పోవుచున్నవి. తినెడి నోరొకచోట, నలిగెడి నేల వేరొకచోట. కావున ఒక ఊరి జనసంఖ్యను మాత్రమే చూచి ఆ ఊరి నేలకు గలిగిన కష్టమును కొలువజాలము. తలలతోకూడ ఒక్కొక్క తల కోరుకొనునదియు లెక్కింపవలెను.

నేడీ రెండవ లెక్కయే ముఖ్యమగుచున్నది. 1992-93లో దేశమున స్త్రీకి సగటున 3.4 మంది బిడ్డలుండగా, 2019-21లో 2.0 అయినది, ఆంధ్రప్రదేశమున 1.7, తెలంగాణమున 1.8. బాలికల విద్యయు, శిశుమరణములు తగ్గుటయు దీనికి ముఖ్యకారణములు. ఆడుబిడ్డను మాన్పింపక చదివించు తలిదండ్రులు ఈ విషయమున దేశమునకు చేసిన మేలు సామాన్యము కాదు. అయినను జననములు తగ్గినంతమాత్రమున నేలకు విశ్రాంతి దొరకదు. ఇండ్లు, బాటలు, బోర్లు, యంత్రములు హెచ్చుచునే యున్నవి. 2024 సెప్టెంబరులో బుడమేరు పొంగి విజయవాడలో అనేక పేటలను ముంచినది. కుంభవృష్టియు గట్ల గండ్లును ముఖ్యకారణములే. కాని ఏటి త్రోవలో ఇండ్లు క్రమ్ముకొనియుండుటయు ఆ కష్టమును పెంచినది.

ఆదినరునికి తోటను దున్నుపని మాత్రమేగాక, దానిని కాచుపనియు అప్పగింపబడెనని పరిశుద్ధ గ్రంథమువలన తెలియుచున్నది. మన పూర్వులు ఆనకట్టలనాడు మొదటి పనిని చక్కగా నెరవేర్చిరి. రెండవది మన వంతు.

విద్యార్థులారా, సెలవులలో మీ ఊరి పెద్దలనడిగి మూడు లెక్కలు వ్రాసికొనుడు. వారి చిన్నతనమున ఊరి చెరువు ఎంతవరకు పారెడిది, ఇప్పుడెంత? అప్పుడు బావిలో నీరు ఎన్ని అడుగులలో దొరకెడిది, ఇప్పుడెన్ని అడుగులలో? వరదనీరు ఏ త్రోవను పోయెడిది, ఆ త్రోవలో నేడేమున్నది? ఆ కాగితమును మీ తలిదండ్రులకును ఊరి పంచాయతీవారికిని చూపుడు. ఈ వ్యాసములోని లెక్కలకంటె మీ ఊరి లెక్కలే మీకు ఎక్కువ సంగతులు తెలుపును.